తాయెత్తులో గౌరవ్వ

1953 జనవరి 1, గురువారం

ఆఫీసులో కొత్త డైరీలు పంచారు. గుమాస్తాలకు తోలు అట్టవి, మా ఇద్దరు టైపిస్టులకు మామూలు అట్టవి. మేమేమన్నా తక్కువ పని చేస్తున్నామా అని మేనేజరును అడిగాను. నవ్వాడు. ఆ నవ్వు నాకు తెలుసు. సినిమా ఆమెకు కోపం ఎక్కువ అని దాని అర్థం.

సినిమా ఆమె! చేసింది ఒక్కటే సినిమా. అందులో నాకు మూడు సీన్లు. రెండింటిలో నెత్తిన గడ్డిమోపుతో అటునుంచి ఇటు నడుస్తాను. మూడోదాంట్లో దొరను చెంపమీద కొడతాను. ఆ ‘రాతి గడి’ పెద్ద హాళ్ళలో వారం కూడా ఆడలేదు. ఇప్పుడు నాంపల్లి స్టేషన్ వెనక గుల్‌బహార్ టాకీసులో గురువారం గురువారం సాయంత్రం ఒక్క ఆట వేస్తున్నారు. దర్గాకు వచ్చే జనం, స్టేషన్ హమాలీలు, రిక్షావాళ్ళు, ఊళ్ళు విడిచి మేస్త్రీ పనులకు వచ్చినవాళ్ళు నిండిపోతారు. వాళ్ళు వచ్చేది నా మూడో సీను కోసమే. అది కాగానే సగం హాలు లేచి బీడీలకు పోతుంది. హీరోయిన్ పెళ్ళికి ఎవరూ ఉండరు.

వాళ్ళకు నా పేరు నర్మద అని తెలియదు. గౌరవ్వ అంటారు. పాత్ర పేరు. ఇంటర్‌మీడియట్ చదివినదాన్ని, మూడేళ్ళు నాటకాలాడినదాన్ని, స్టేషన్ దగ్గర “గౌరవ్వా, జర కొట్టు!” అని అరిస్తే ఎలా ఉంటుంది?

ఇవాళ ఆపరేటర్ వామన్‌రావు గారి గదికి వెళ్ళి ఆ సీనులోంచి ఒక బొమ్మ కత్తిరించి ఇమ్మన్నాను. కంపెనీవాళ్ళు నాకు ఒక్క ఫొటో కూడా ఇవ్వలేదు మరి. సెకనుకు ఇరవై నాలుగు బొమ్మలు నడుస్తాయట, ఒకటి పోతే ఎవరికి తెలుస్తుంది? ముసలాయన కత్తెర పట్టుకుని చాలాసేపు ఆలోచించాడు. “ఈ రీలుకు ఇదే మొదటి కోత బిడ్డా” అన్నాడు. అదంతా చాదస్తం. కత్తిరించి, మందు పూసి అతికించాడు. అబిడ్స్ స్టూడియోలో ఇచ్చి పెద్ద ఫొటో చేయించాలి.

జనవరి 9, శుక్రవారం

ఫొటో వచ్చింది. చెయ్యి లేచి ఉంది, కొంగు నడుముకు బిగించి ఉంది. నేను అంత పొడుగున్నానని నాకే తెలియదు. స్టూడియో ఆయన నన్ను అడగకుండానే ఇంకో కాపీ తీసి, అద్దాల అల్మారాలో పెళ్ళికూతుళ్ళ మధ్యన పెట్టాడు. నా మొహం నన్నడక్కుండా పెట్టడమేమిటి? గట్టిగా అడిగాను. “ఉండనీయండమ్మా, జనం ఆగి ఆగి చూస్తున్నరు. ఇది యాడికెల్లి వచ్చిందని అడుగుతున్నరు” అన్నాడు.

ఆ దారిన ఈ రోజు మూడుసార్లు పోయాను. పోస్టాఫీసులో పని ఉండి పోయాను. స్టాంపులన్నీ ఒకేసారి కొనడం మర్చిపోయాను.

జనవరి 10

ఇంట్లో మా కమలక్క ఫొటో చూసి, “బియ్యంల రాళ్లున్నయని దుకాణపాయనతోని కొట్లాడినప్పుడు అచ్చం గిట్లనే ఉన్నవ్” అంది. బడిలో లెక్కలు చెప్పే మనిషికి నటన గురించి ఏం తెలుస్తుంది?

జనవరి 17, శనివారం

స్టూడియో ముందు శ్రీపతి కనబడ్డాడు. ‘రాతి గడి’లో దొర వేషం అతనిదే. నిర్మాతకు బామ్మర్ది, అబిడ్స్‌లో వాళ్ళకు బట్టల దుకాణం ఉంది. చేతులు వెనక్కు కట్టుకుని నా ఫొటో చూస్తున్నాడు. నన్ను చూసి మొహం గంటు పెట్టుకుని పోయాడు. సిగ్గుపడాల్సినవాడు కోపం చూపిస్తాడా!

ఎవరికీ పూర్తిగా చెప్పలేదు. అక్కకు సగం చెప్పాను. ఇక్కడ రాసుకుంటాను.

సీను ఇదీ. వెట్టికి రాలేదని పాలేరును కట్టేసి కొడుతుంటే వాడి పెళ్ళాం గౌరవ్వ దొర ఉండే గడిలోకి వస్తుంది. దొర ఆమె చెయ్యి పట్టుకుని బయటికి ఈడుస్తాడు. ఆమె కొడుతుంది. చెయ్యి పట్టుకుంటాడు అనే రాసి ఉంది. మూడుసార్లు రిహార్సల్ చేశాము. మూడుసార్లూ శ్రీపతి పట్టుకున్నది చెయ్యి కాదు. కెమెరాకు కనబడని వైపు. డైరెక్టర్‌తో చెప్పాను. “సర్దుకోవమ్మా, పెద్దింటి పిల్లగాడు, మజాక్ చేస్తున్నడు” అన్నాడు. చెంపకు జానెడు దూరంలో చెయ్యి ఊపితే చాలు, చప్పుడు తర్వాత కలుపుతామన్నారు. నాలుగోసారి కెమెరా తిరిగింది. నాలుగోసారీ అతను అంతే. నేను ఊపలేదు, కొట్టాను. నిజంగానే కింద పడ్డాడు. తలపాగా ఊడి దొర్లుకుంటూ పోయింది. ఇంకోసారి తీద్దామంటే ఫిలిం లేదు, అదే ఉంచారు. నా అరచెయ్యి రెండు రోజులు మండింది.

ఆ తర్వాత ఒక్కరు కూడా పిలవలేదు. నర్మదకు చెయ్యి దురుసు అని కంపెనీలన్నిటికీ పాకింది. అతని చెయ్యి ఎలాంటిదో ఎక్కడికీ పాకలేదు.

జనవరి 29, గురువారం

ఆఫీసు నుంచి నేరుగా గుల్‌బహార్‌కు వెళ్ళాను. ఆడవాళ్ళ జనానా క్లాసులో మూలకు కూర్చున్నాను. దీపాలార్పి మా ముందున్న పరదా తీశారు, సీను వచ్చింది. ఏదో తేడా. చెయ్యి లేపడం కొంచెం తొందరగా అయిపోయింది. కొట్టడం కూడా. నా చూపు ఒకటి ఉండాలి, కొట్టే ముందు అతని కళ్ళలోకి చూసే చూపు. అది లేదు.

మిషన్ తొందరగా తిప్పారేమో.

ఫిబ్రవరి 4, బుధవారం

మద్రాసు నుంచి ఉత్తరం! ఒక కంపెనీ మేనేజరు డిసెంబరులోనే ఇక్కడికి వచ్చి నన్ను గుల్‌బహార్ తెర మీద చూశాడట. మొన్న జనవరిలో మళ్ళీ వచ్చినప్పుడు స్టూడియో అద్దంలో ఫొటో చూసి అడ్రసు తీసుకున్నాడట. వాళ్ళ కొత్త సినిమాలో హీరోయిన్ వదిన వేషం ఉంది, పన్నెండు సీన్లు. ఫిబ్రవరి 26, గురువారం వాళ్ళ డైరెక్టర్‌ను కూడా తీసుకొస్తాడు, ఆయన నా సీను ఒకసారి చూడాలి, చూసి నచ్చితే అక్కడికక్కడే ఖాయం చేస్తారు.

పన్నెండు సీన్లు. గడ్డిమోపు లేకుండా.

అక్క ఉత్తరం రెండుసార్లు చదివి, “మద్రాసుల ఇడ్లీలు తిని సన్నగయితవ్ పో” అంది. కళ్ళు తుడుచుకుంది. ఉల్లిగడ్డలు కోస్తున్నందుకేనట.

ఫిబ్రవరి 5, గురువారం

చూపు లేదు. చెయ్యి సగం లేవడం కూడా లేదు. కింద ఉన్న చెయ్యి ఒక్కసారిగా పైకి వచ్చేసింది. చెంప మీద చెయ్యి పడటం రెప్పపాటు కూడా లేదు. ఇదివరకు నిండుగా వినబడే చప్పుడు ఇప్పుడు చిన్నగా ‘టక్’మంది.

ఎవరో కత్తిరిస్తున్నారు. ఎవరికి ఆ అవసరం ఉంది? ఆ దెబ్బ తిన్నవాడికి తప్ప?

ఫిబ్రవరి 7, శనివారం

శ్రీపతి దుకాణానికి వెళ్ళాను. చీరల మీద చీరలు పరిచి ఎవరికో చూపిస్తున్నాడు. అందరి ముందే అడిగాను.

“నా సీను కోయిస్తున్నవ్ గదా? గంత సిగ్గనిపిస్తే ఆనాడు చెయ్యి ఎందుకు దగ్గర పెట్టుకోలేదు?”

“మెల్లగ మాట్లాడు నర్మదా, గిరాకీలున్నరు.”

“ఉండనీ. ఆళ్లకు గూడ తెల్వనీ.”

చీరలు చూస్తున్న ఆవిడ కుర్చీ మా వైపు తిప్పుకుంది. శ్రీపతి చెవులు ఎర్రబడ్డాయి. “నేను కోయిస్తనా? నాకు గంత నడిస్తే సినిమా మొత్తమే కాలవెట్టిస్తుంటి. నాంపల్లి దిక్కు పోతే హమాలీలు దండాలు పెట్టి మరీ నవ్వుతున్నరు. మా అత్తగారింట్ల పిల్లలు గూడ చెంపలు పట్టుకొని ఆటలాడుతున్నరు. మా బావకు పది తీర్ల చెప్పిన, ఆ ఆట ఆపమని. ఆపుతలేడు.”

అంటే కోరిక ఉందన్నమాట. ఒప్పుకున్నట్టే కదా.

ఫిబ్రవరి 8

శ్రీపతే. ఇంకెవరు?

ఫిబ్రవరి 12, గురువారం

ఆట మొదలవకముందే ఆపరేటర్ గది మెట్లెక్కాను. శ్రీపతి మనిషి ఎవడు దొరికినా అక్కడే పట్టుకుందామని. లోపల వామన్‌రావు గారి పక్కన ఎర్ర చొక్కా వేసుకున్న హమాలీ నిలబడి ఉన్నాడు. యాభై ఏళ్ళుంటాయి. ముసలాయన అతని అరచేతిలో ఏదో పెడుతున్నాడు. లాక్కుని దీపానికి పెట్టి చూశాను. మూడు బొమ్మల ఫిలిం ముక్క. మూడింటిలోనూ నేనే.

“గౌరవ్వా!” అని హమాలీ వంగబోయాడు.

“నా పేరు నర్మద!” అన్నాను.

“నా పేరు బిచ్చయ్య తల్లీ” అన్నాడు, నేను పరిచయం చేసుకున్నాననుకుని.

వామన్‌రావు గారు కుర్చీలో కూలబడ్డాడు. “నేను కోస్తలేను బిడ్డా. ముసలి రీలు, తెగుతుంది. తెగినకాడ రెండు దిక్కులా నాలుగు బొమ్మలు తీసి అతకాలె. ఆ పారేసే ముక్కలే ఇస్తున్న.”

“వారం వారం గాడనే తెగుతదా?”

ఆయన తల గోక్కున్నాడు. “ఈ మధ్యన గాడనే తెగుతుంది” అన్నాడు.

కోపంలో కూడా నవ్వొచ్చింది, ఆ నవ్వుకు ఇంకా కోపమొచ్చింది. ఎంతకు అమ్ముతున్నావని అడిగితే ముసలాయన చిన్నబుచ్చుకున్నాడు. పైసా ముట్టలేదట. అడుగుతుంటే లేదనలేక ఇచ్చాడట. బిచ్చయ్య చొక్కా చెయ్యి పైకి జరిపాడు. దండకు నల్లదారం, దారానికి ఇత్తడి తాయెత్తు. దర్గా ముందు అమ్ముతారే, అది. మూత తీసి నా ముక్కు దగ్గర పెట్టాడు. చుట్ట చుట్టిన ఫిలిం. అందులోంచి కర్పూరం వాసన వస్తోంది. ఫిలింలో కర్పూరం కలుపుతారని వామన్‌రావు గారు చెప్పాడు. ఆ సంగతి వీళ్ళకు తెలియదు.

“దేవుని కాడికెల్లి వచ్చినట్టు వాసనొస్తది తల్లీ” అన్నాడు బిచ్చయ్య. “ఊరికి పోయినప్పుడు పట్వారి ముందట నిలవడాలన్నా, సేటు ముందట నోరు తెరవాలన్నా మాకు గుండె కొట్టుకుంటది. ఇది కట్టుకుంటే జర భయం పోతది. మా వాళ్లు శానమంది కట్టుకున్నరు.”

నాకు ఎలా ఉంటుంది? నా చూపు ఒకడి దండకు, నా చెయ్యి ఇంకొకడి మొలకు! తెర మీద ఉండాల్సినదాన్ని ముక్కలు ముక్కలుగా చుట్టి ఇత్తడి గొట్టాల్లో పెట్టుకున్నారు. ప్రేమట! శ్రీపతి పగతో కూడా ఇంత పని చేయలేకపోయాడు.

ఈ అలవాటు ఎవరు మొదలుపెట్టారని వామన్‌రావు గారిని నిలదీశాను. “అద్దంల ఫొటో చూసి, ఇది గీ రీలుదే గదా, మాకు గూడ ఒకటియ్యమని వచ్చిన్రు. మొదలు ఎవరు పెడితేంది బిడ్డా, పెట్టిన్రు” అని నా వంక అదోలా చూశాడు. పేరు చెప్పడానికి భయపడుతున్నాడు.

ఈ సినిమాకు మిగిలిన రీలు ఇదొక్కటేనట, అన్నీ తెచ్చిస్తే మళ్ళీ అతికిస్తానన్నాడు. ఇరవై ఆరుకు ఇంకా రెండు వారాలుంది.

ఫిబ్రవరి 15, ఆదివారం

స్టేషన్ గూడ్స్ షెడ్డు దగ్గరికి వెళ్ళాను. బిచ్చయ్య అందరినీ పిలిచాడు. నా బతుకు తెరువు సంగతి, నా సినిమా నాకు ఇవ్వండి అన్నాను. గొడవ పడతారనుకున్నాను. మాటలన్నీ తయారుచేసుకుని పోయాను. ఒక్కరూ ఎదురు చెప్పలేదు. దారాలు విప్పి, గొట్టాలు తెరిచి, ఒక్కొక్కటే నా కొంగులో వేశారు. ఒక ముసలివాడు తన ముక్కను పంచె అంచుతో తుడిచి, కళ్ళకద్దుకుని ఇచ్చాడు. “నువ్వు పైకి రావాలె బిడ్డా” అన్నాడు.

నా ముక్కలు నాకు ఇస్తూ కళ్ళకద్దుకోవడం దేనికి? ఇంటికొచ్చాక అన్నం సయించలేదు. ఎండలో తిరిగినందుకు.

మొత్తం పదిహేడు ముక్కలు. వామన్‌రావు గారు వరసగా పేర్చి చూశాడు. చూపు వచ్చింది, చెయ్యి లేవడం వచ్చింది, అతను పడటం వచ్చింది. అసలుది లేదు. చెయ్యి చెంపను తాకే మూడు బొమ్మలు. అవి పోశవ్వ అనే ఆమె దగ్గర ఉన్నాయట.

ఫిబ్రవరి 22, ఆదివారం

వారం వెతికితే ఇవాళ దొరికింది. అఫ్జల్‌గంజ్‌లో ఇల్లు కట్టేచోట ఇటుకలు మోస్తోంది. నలభై ఏళ్ళుంటాయి, సన్నగా ఉంది. నన్ను చూడగానే తట్ట దింపి గుర్తుపట్టింది. చెప్పాను. తాయెత్తు మీద చెయ్యి వేసుకుంది.

“ఇయ్య బిడ్డా” అంది. అంత మెల్లగా, అంత గట్టిగా.

పోశవ్వ మొగుడు పదకొండేళ్ళు పటేలు భూమి మూడెకరాలు కౌలుకు దున్నాడట. ఇప్పుడు కౌలుదారుకు హక్కు కాయితం ఇస్తున్నారు కదా, మొగుడు చచ్చిపోయాడు కాబట్టి ఈమె అడగాలి. పటేలు, అసలు వీళ్ళు మా భూమి దున్ననే లేదంటున్నాడు. బుధవారం తాసీలు కచేరీలో విచారణకు పేషీ.

“పోయినపాలి పోయిన. పటేలు నా దిక్కు చూసిండు, గంతే. తాసీల్దారు పేరు చెప్పమంటే నా పేరు నాకు యాదికి రాలే. గట్లనే వాపసొచ్చిన. ఈపాలి ఇది కట్టుకొని పోత.”

“పోశవ్వా, అది లేకుంటే నాకు వేషం రాదు. మద్రాసాయన బేస్తారం వస్తుండు. నా బతుకంత గా మూడు బొమ్మలల్లనే ఉంది.”

ఆమె నన్ను జాలిగా చూసింది. నన్ను!

“నువ్వయితే ఇంకోటి కొట్టొచ్చు బిడ్డా. నాకు ఇదొక్కటే ఉంది.”

చాలా అన్నాను. నా కష్టం, నా చెయ్యి, నా సినిమా, దొంగతనం అన్నాను. ఇటుకలు మోసేవాళ్ళంతా ఆగి విన్నారు. ఆమె అంతా విని, “బుధారం పేషీ కాంగనే బస్సెక్కుత. బేస్తారం పొద్దుగాల్ల నీ చేతుల పెడ్త. నా మొగని మీద ఒట్టు” అంది. తట్ట ఎత్తుకుని పోయింది.

మొగుడు చచ్చిపోయాడుగా. ఆ ఒట్టుకు విలువేముంది?

ఫిబ్రవరి 26, గురువారం

పొద్దున రాలేదు. మధ్యాహ్నం ఆఫీసు ఎగ్గొట్టి బస్సుల దగ్గర నిలబడ్డాను. రాలేదు. నాలుగింటికి వామన్‌రావు గారు ఇక ఆగలేనని పదిహేడు ముక్కలతోనే అతికించాడు.

ఆరింటికి మద్రాసు మేనేజరు, డైరెక్టర్ వచ్చారు. తెల్ల బట్టలు, మెడలో మడత నలగని కండువాలు. బెంచీల వాసనకు ముక్కులకు జేబురుమాళ్ళు అడ్డం పెట్టుకున్నారు. పరదాకు ఇవతల జనానాలో నేను, పక్కన అక్క.

సీను వచ్చింది. నా చూపు ఉంది. అతుకుల దగ్గర కొంచెం ఎగిరినా ఉంది. చెయ్యి లేచింది. ఆ తర్వాత శ్రీపతి నేలమీద ఉన్నాడు.

మధ్యలో ఏమీ లేదు. కానీ దెబ్బ వినబడింది! హాలు మొత్తం, నాలుగు వందల మంది, సరిగ్గా ఆ క్షణానికి ఒక్కసారి చప్పట్లు కొట్టారు. ఒకే ఒక్క చప్పట. రెండోది లేదు. గోడల సున్నం రాలింది. ఇన్ని వారాలుగా చప్పుడు చిన్నదయిన కొద్దీ వాళ్ళే అందుకుంటున్నారని, దానికి అలవాటు పడ్డారని అప్పుడు నాకు అర్థమయింది. అక్క నా మోచెయ్యి పట్టుకుంది.

బయట గోలీసోడా బండి దగ్గర మాట్లాడాము. మేనేజరు మంచిగానే మాట్లాడాడు. డైరెక్టర్ గారే కండువా సర్దుకుంటూ అన్నాడు. “దెబ్బ ఎక్కడుందమ్మా? చెయ్యి లేచింది, ఆయన పడ్డాడు. కొట్టింది హాలు. మధ్యలో మీరు లేరు.”

మధ్యలో నేను లేనట! ఆ మధ్యలో తప్ప నేను ఇంకెక్కడున్నాను?

అయినా ఊరుకున్నాను. ఇంకో రీలు తెప్పించుకుని చూడండి అన్నాను. ఉన్నది ఒక్కటేనని ఆయనకు తెలుసు. కాసేపు గొణిగి, పోనీ మొహం బాగుంది, వేషం చిన్నది చేసి ఇద్దాం అన్నాడు మేనేజరుతో. ఆరు సీన్లు. అప్పుడు డైరెక్టర్ నా వైపు తిరిగి నవ్వుతూ అడిగాడు: “అన్నట్టు, అతన్ని నిజంగానే కొట్టారని చెప్పుకుంటున్నారు. అబద్ధమే కదా?”

అబద్ధమే అంటే సరిపోయేది. ఆయన అదే వినాలనుకుంటున్నాడు. అక్క కూడా నా కొంగు లాగింది.

“నిజంగనే కొట్టిన” అన్నాను. “ఎందుకు కొట్టిన్నో అడగండి.”

ఆయన అడగలేదు. ఎవరూ అడగరు! మేము ఉత్తరం రాస్తామమ్మా అని రిక్షా ఎక్కారు. ఆ ఉత్తరం రాదని నాకు తెలుసు. మూడేళ్ళ నాటకాలు, ఒక సినిమా, గోలీసోడా బండి దగ్గర అయిపోయాయి. అంతా ఆ పోశవ్వ వల్ల. ఆ మూడు బొమ్మలు ఉండి ఉంటే ఆ ప్రశ్న వచ్చేది కాదు. వచ్చినా...

వచ్చినా అదే చెప్పేదాన్ని. అది ఇంకా మంటగా ఉంది.

ఫిబ్రవరి 27, శుక్రవారం

పొద్దున్నే తలుపు చప్పుడు. పోశవ్వ. కాళ్ళకు మోకాళ్ళదాకా దుమ్ము. స్టేషన్‌లో బిచ్చయ్యను అడిగి ఇల్లు కనుక్కుందట. గుమ్మంలోనే తాయెత్తు విప్పడం మొదలుపెట్టింది.

“ఒట్టు తప్పిన బిడ్డా. బుధారం పొద్దుగూకేదాంక కూసోవెట్టి, రేపు రమ్మన్నరు. నిన్న పిలిచిన్రు. బస్సు పోయింది, నాలుగు కోసులు నడిచి సడకెక్కిన.”

అరవడానికి నోరు తెరిచాను. “పేరు చెప్పినవా?” అని వచ్చింది.

“చెప్పిన. నా పేరు, నా మొగని పేరు, మూడు చెల్కల పేర్లు, గట్టు మీది తుమ్మ చెట్లెన్నో చెప్పిన. పటేలు ‘ఏందే’ అన్నడు. ‘నువ్వాగు, నన్ను చెప్పనియ్యి’ అన్న. కచేరీల అందరు నా దిక్కే చూసిన్రు.” చెప్తూ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. తను అన్న మాటకు తనకే ఇంకా ఆశ్చర్యం తీరలేదు.

“మరి కాయితం ఇచ్చిన్రా?”

“యాడిది! వాయిదా ఏసిన్రు. సాక్ష్యం కావాల్నంట. ఉగాది దాటినంక మళ్ల పోవాలె. మా తోడికోడలు వీరమ్మ చూసింది మేం దున్నింది, గని ఆమెకు నాకంటె భయం. ఆమెకు గూడ ఒకటుంటే బాగుండు. అయిపోయినయంట గదా. ఇగో, నీది నీకు.”

మూడు బొమ్మల ముక్క నా అరచేతిలో పెట్టింది. దీపం అక్కర్లేకుండానే కనబడింది. నా చెయ్యి, అతని చెంప. నాకు ఇక దానితో పని లేదని ఆమెకు చెప్పలేదు. చుట్టి గొట్టంలో పెట్టాను. ఆమె దండకు నేనే కట్టాను. ముడి గట్టిగా బిగిస్తే “అబ్బా” అంది.

“ఉగాది దాటేదాక విప్పకు” అన్నాను కోపంగా. అక్క ఆమెకు చాయ్ ఇచ్చింది.

ఆమె పోయాక ఈ డైరీ మొదటినుంచి చదివాను. ఎవరెవరిని తిట్టానో చూద్దామని. మొదటి పేజీలోనే ఆగిపోయాను. ఈ రీలుకు ఇదే మొదటి కోత బిడ్డా. నా చేతిరాతే. నెలన్నరగా శ్రీపతి, శ్రీపతి అని రాస్తున్నాను. వామన్‌రావు గారు అదోలా చూసింది ఎందుకో ఇప్పుడు తెలిసింది. ఆయన పేరు చెప్పడానికి భయపడలేదు, నా పరువు కాపాడాడు. అది ఇంకా సిగ్గు.

ఆ మొదటి బొమ్మ డైరీ వెనక అట్టలోనే ఉంది. ఇన్నాళ్ళూ అది కూడా అతికించమని ఇవ్వాలని నాకు తోచనేలేదు. అందరివీ అడిగాను!

మార్చి 2, సోమవారం

ఆఫీసులో మా మేనేజరు నవ్వాడు. నేనూ నవ్వాను. ఆయన ఆపేశాడు.

మార్చి 5, గురువారం

ముందుగా ఆపరేటర్ గదికి వెళ్ళి, అతికించిన పదిహేడు ముక్కలూ విప్పి ఎవరివి వాళ్ళకు ఇమ్మన్నాను. వామన్‌రావు గారు నా నుదుటి మీద చెయ్యి పెట్టి చూశాడు. “జరమొచ్చిందా? నీ సినిమ అయిపోతది బిడ్డా” అన్నాడు.

“మొదలు పెట్టింది నేనే గదా” అన్నాను. ఆయన కత్తెర తీసుకున్నాడు.

జనానాలో పోశవ్వ, పక్కన ఇంకొకామె ఉన్నారు. వీరమ్మ. ఊరినుంచి మొదటిసారి వచ్చిందట, సినిమా కూడా మొదటిదేనట. కొంగు నెత్తిమీంచి జారకుండా రెండు చేతులతో పట్టుకుని కూర్చుంది. దర్గా ముందు కొన్న ఇత్తడి గొట్టంలో నా బొమ్మ చుట్టి తీసుకుపోయాను. ఆమె ఒళ్ళో పెట్టాను. మూత తీసి వాసన చూసింది, నన్ను చూసింది, పోశవ్వను చూసింది.

“ఈమెనేనా?” అంది.

“ఔ” అంది పోశవ్వ. “పేరు నర్మద.”

ఎవరు చెప్పారో మరి. అక్కే చెప్పి ఉంటుంది, చాయ్ ఇచ్చినప్పుడు.

పరదా తీశారు. గడ్డిమోపుతో రెండుసార్లు నడిచాను. గడిలోకి వచ్చాను. శ్రీపతి నన్ను ఈడ్చాడు. నా చెయ్యి కింద ఉంది. తర్వాత అతను కింద ఉన్నాడు. మధ్యలో నేను లేను, అక్కడ తెర మీద లేను. హాలంతా చేతులెత్తి ఉంది. వీరమ్మ కూడా కొంగు వదిలేసింది. నేనూ చేతులెత్తాను. ఎంత బలముందో అంత బలంతో కొట్టాను.

ఇంటికొచ్చి అన్నం కలుపుతుంటే అరచెయ్యి మండి విదిలించుకున్నాను. అక్క చూసింది.

“ఏంది గంత ఎర్రగయింది? ఇయ్యాల ఎవరిని కొట్టినవ్?”

“శ్రీపతిని.”

“మళ్లనా?”

“ఔ. వచ్చే బేస్తారం గూడ.”